ఒత్తు

నాంపల్లి కోర్టు, రెండో అంతస్తు, మంగళవారం.
లిఫ్టు పనిచెయ్యదు కనుక
నేరాలన్నీ మెట్లెక్కే వస్తాయి.

ఇవ్వాళ ఎక్సైజు ఫైళ్ళు అరవై మూడు,
అన్నీ రాజీ దరఖాస్తులే.
దొరికినవాళ్ళు డబ్బు కడతారు,
వాళ్ళూ సర్కారూ చేతులు దులుపుకుంటారు.
పదకొండేళ్ళుగా ఈ బెంచీ కింద కూర్చుని
స్టాంపు వేస్తున్నాను, దారం కడుతున్నాను.
గుడుంబా వాసన ఎలా ఉంటుందో మర్చిపోయాను.
కాగితం వాసనే తెలుసు,
దానికీ కొంచెం మత్తుంటుంది.

"గెందాబాయి, భర్త లేటు మంగళ్‌సింగ్, ధూల్‌పేట!"
అటెండరు వరండాలోకి మూడుసార్లు అరిచాడు.
వచ్చింది,
మోచేతుల దాకా తెల్లటి సుద్దతో.
ఇప్పుడు గణపతి బొమ్మలు పోస్తోందట,
కడుక్కునే టైము చిక్కలేదట.

ఐదు లీటర్లు, ఒక అల్యూమినియం డేగిసా,
ఎనిమిదేళ్ళ కిందటి కేసు.
శాంపిలు సీసా మాల్‌ఖానాలో భద్రంగా ఉంది,
లక్క సీలు చెక్కుచెదరలేదు.
లోపలి సరుకు మాత్రం
ఏ దరఖాస్తూ పెట్టుకోకుండా
ఆవిరై వెళ్ళిపోయింది.

కొత్త మేడమ్ దరఖాస్తు చదివారు.
పాతాయన చదివేవారు కాదు,
సంతకం చోటు వెతుక్కునేవారు.
ఈవిడ చదివి, పక్క ఫైలు అడిగారు,
దాని కిందది, దాని కిందది.
ఫ్యాను కిర్రుమంటోంది.
"ఇది చూడండి" అన్నారు నాతో.

నేను చేసిన తపు తెలుసుకున్నాను.
నేను చేసిన తపు తెలుసుకున్నాను.

అరవై మూడు మంది, ఒకే తపు.
ఎవరి పకారానికీ ఒత్తు లేదు.

గేటు బయట జిరాక్సు గొడుగు కింద
ఇస్తారి టైపు చేస్తాడు, మనిషికి రెండొందలు.
పేరొక్కటే మారుస్తాడు, ఊరొక్కటే మారుస్తాడు,
తపు మాత్రం పాతదే ఉంచుతాడు.
అది వేలసార్లు నా స్టాంపు కిందినించే పోయింది.
ఒక్కసారీ నా కంటికి గుచ్చుకోలేదు.

"అమ్మా, ఇందులో ఏముందో తెలుసా?"
"పైసలు కడ్తనని ఉన్నది."
"ఎవరి ఒత్తిడీ లేకుండానే ఒప్పుకుంటున్నావా?"
"ఏం ఒప్పుకునుడు?"
"తప్పు."

గెందాబాయి నావైపు చూసింది,
సర్కారు వకీలు వైపు చూసింది,
చివరికి తన తెల్ల చేతులు చూసుకుంది.
"ఆ డేగిసా నా మరిదిది మేడమ్.
పోలీసులొస్తే ఆడు గోడ దుంకిండు.
నేను కడుపుతోని ఉంటి, దుంకలే.
పైసలంటే కడ్త.
తప్పు గూడ నేనే కట్టాల్నా?"

ఎక్సైజు ఎస్సై గడియారం చూసుకున్నాడు.
మేడమ్ ఆ వాక్యం మీద అడ్డంగా గీత కొట్టారు.
"ఆమె చెప్పింది చెప్పినట్టు రాయించి తెండి.
వాయిదా."

డైరీలో ఖాళీ ఉన్న మొదటి రోజు వేశాను.
ఆమెకు తెలుగు చదవరాదు, అంకెలు వచ్చు.
ముందుకొచ్చి తేదీ మీద వేలు పెట్టింది.
"గా దినం వద్దు సాబ్. తెల్లారితే చవితి.
సాలంతా గా ఒక్క దినానికే."

ఈ హాల్లో పేర్లు తప్ప
నేనెప్పుడూ ఏదీ గట్టిగా పలకలేదు.
లేచాను.
"మేడమ్, డేటు..." అన్నాను.
ఆమె కళ్ళద్దాల పైనుంచి చూశారు. 
కాసేపటికి తలూపారు.
కొట్టేసి, మరో వారం రాశాను,
పక్కన పొట్టి సంతకం పెట్టాను.

గెందాబాయి దండం పెట్టలేదు.
తలుపు దాకా వెళ్ళి వెనక్కొచ్చింది.
"ఇస్తారికి రెండొందలు మళ్ల ఇయ్యాల్నా?"

మేడమ్ అప్పటికే తర్వాతి ఫైల్లో ఉన్నారు.
వకీలు ఫోన్లో ఉన్నాడు.
నేను డైరీ చూస్తూ ఉండిపోయాను.
కొట్టేసిన తేదీ మీద
సిరా లేకుండా పడ్డ వేలిముద్ర,
తెల్లగా, పొడిగా.
ఊదితే పోతుంది.
ఊదకుండానే పేజీ తిప్పి
నాలుగో పేరు పిలిచాను.